కిండర్‌గెల్డ్ ఎవరి డబ్బు?

"అమ్మా, కిండర్‌గెల్డ్ అంటే పిల్లల డబ్బే కదా, మరి నీ అకౌంట్లో ఎందుకు పడుతోంది?" అని అడిగాడు మా వాడు. వాడికి తొమ్మిదేళ్లు. జర్మనీలో పిల్లలున్న ఇళ్లలో ఎప్పుడో ఒకప్పుడు వచ్చే ప్రశ్నే ఇది. పిల్లల్ని పెంచడానికి ప్రభుత్వం తల్లిదండ్రులకి ఇచ్చే డబ్బు అది. 2025లో బిడ్డకి నెలకి 255 యూరోలు, 2026 జనవరి నుంచి 259. ఇంటి అద్దెలో, కూరగాయల్లో, వాడి బూట్లలో కలిసిపోతుంది. అదే చెప్పాను. "పేరులోనే ఉంది కదా!" అన్నాడు.

వాడు అలా అనుకోవడంలో వింతేం లేదు. ఇక్కడ గెల్డ్, అంటే డబ్బు, అనే మాటకి ముందు ఏదో ఒకటి తగిలించే ఉంటుంది. బిడ్డ పుట్టాక ఇంట్లో ఉండి చూసుకునేవాళ్లకి ఎల్టర్న్‌గెల్డ్, అద్దె భారమైనవాళ్లకి వోన్‌గెల్డ్, హోటల్లో వడ్డించినవాళ్లకి ట్రింక్‌గెల్డ్, పిల్లల జేబుఖర్చుకి టాషెన్‌గెల్డ్. ఏ డబ్బు ఎవరికో, ఎందుకో పుట్టినప్పటి నుంచీ వింటూ పెరుగుతారు. నేను పెరిగిన ఇంట్లో డబ్బు డబ్బే. బీరువాలో ఉండేది, అవసరం ఎవరిదైతే వాళ్లకి వెళ్లేది. బాబాయి కాలేజీ ఫీజు, అత్తయ్య పెళ్లి, అన్నీ నాన్న జీతంలోంచే. ఇది ఎవరి డబ్బు అన్న మాటే రాలేదు.

అందుకే టాషెన్‌గెల్డ్ విషయంలో చాలాకాలం మొండికేశాను. అడిగినవన్నీ కొంటున్నప్పుడు చేతికి డబ్బెందుకని నా వాదన. ఇక్కడ దాన్ని చూసే పద్ధతే వేరు. మ్యూనిక్‌లోని జర్మన్ యూత్ ఇన్‌స్టిట్యూట్ ఏ వయసుకి ఎంతివ్వాలో పట్టిక ఇస్తుంది. పదేళ్లలోపు వారానికోసారి, ఆ తర్వాత నెలకోసారి. అల్లరి చేశారనో, మార్కులు తగ్గాయనో కోత పెట్టకూడదు. 1900 నుంచి అమల్లో ఉన్న సివిల్ కోడ్‌లోనూ దీనికి 110వ సెక్షన్ ఉంది. ఏడేళ్లు నిండిన పిల్లలు తమ ఇష్టప్రకారం వాడుకోమని ఇచ్చిన డబ్బుతో ఏదైనా కొనుక్కుంటే, దానికి మళ్లీ తల్లిదండ్రుల ఒప్పుదల అక్కర్లేదు.

మొన్న వేసవిలో తెనాలి నుంచి బయల్దేరేటప్పుడు మామయ్యగారు వాడి చేతిలో ఐదొందల నోటు పెట్టారు. చిన్నప్పుడు మా అమ్మ చేసినట్టే నేను చెయ్యి చాపాను. వాడు నోటు మడిచి జేబులో పెట్టుకుని "తాతయ్య నాకిచ్చారు" అన్నాడు. మామయ్యగారు నవ్వేశారు కానీ, అందరి ముందూ నాకు తల తీసేసినట్టయింది.

అయినా కొత్తగా వచ్చినవాళ్లు అడిగితే, బడిలో చేరిన ఏడాదే టాషెన్‌గెల్డ్ మొదలుపెట్టమనే చెబుతాను. ఒకసారి వాడి పారేసే ఖాళీ ప్లాస్టిక్ సీసాలు షాపులోని మెషీన్‌లో వేస్తే సీసాకి 25 సెంట్లు వెనక్కొస్తాయి. మెషీన్ ఇచ్చిన చీటీ కౌంటర్లో ఇచ్చి, చిల్లర లెక్కపెట్టుకుని, ఒకరోజు మా వాడు ఫుట్‌బాల్ కార్డుల ప్యాకెట్ తీశాడు. అటూ ఇటూ తిప్పి చూశాడు. అరచేతిలోని నాణేలు చూసుకుని మళ్లీ అరలోనే పెట్టేశాడు. నేను వద్దంటే షాపులోనే ఏడ్చే పిల్లాడు వాడు.

నా భయం ఇంకొకటి. మా బావగారి గుండె ఆపరేషన్‌కి డబ్బు పంపినప్పుడు "పెదనాన్న ఎప్పుడు తిరిగిస్తారు?" అని అడిగాడు. పెదనాన్నంటే వాడికి ప్రాణం, వాడు చెడ్డగా అడగలేదు. కానీ ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. నాది అనడం ఇంత బాగా వచ్చినవాడికి మనది అనడం నేనెలా నేర్పాలి? అలా అనుకున్నప్పుడల్లా మా అమ్మ కందిపప్పు డబ్బా అడుగున దాచుకున్న మడతల నోట్లు కళ్లముందుకొస్తాయి. అందరిదీ అన్న ఆ డబ్బులో అమ్మ తనదనుకోవడానికి ఒక్క రూపాయి ఉండేది కాదు. చెల్లికి చీర పెట్టాలన్నా దాచుకుని, దాచుకుని పెట్టేది. వాడి జేబులోని నోటు మీద నేను చెయ్యి వేయబోయింది ఏ హక్కుతో?

పదేళ్లు నిండాక వాడికి బ్యాంకులో ఖాతా తెరవాలి. నెలనెలా వేసేదాంట్లో కొంత ఊళ్లోవాళ్ల కోసం తీసిపెట్టాలని చెబుదామంటాను నేను. షరతు పెడితే అది వాడి డబ్బెలా అవుతుంది, వాడంతట వాడికే ఇవ్వాలనిపించాలి కదా అంటారు మావారు. అనిపించకపోతే? దానికి ఆయన దగ్గరా జవాబు లేదు. అప్లికేషన్ మీద ఇద్దరం సంతకాలు పెట్టాలి. ఈలోగా మేమిద్దరం ఒక మాట మీదకి రావాలి.