చెయ్యెత్తితేనే బస్సు

గ్వాదలిక్స్ దె లా సియెర్రాలో బస్సు నా ముందు నుంచే వెళ్ళిపోయింది. స్టాపులోనే నిలబడ్డాను, చిల్లర కూడా గుప్పిట్లో పట్టుకుని ఉన్నాను. డ్రైవరు నన్ను చూశాడు, నేనూ అతన్ని చూశాను. అయినా ఆపలేదు. డిసెంబరు నెల, కొండగాలి. తరువాతి బస్సుకు ఇంకా గంట.

మాడ్రిడ్ వచ్చినవాళ్ళు ప్రాదో మ్యూజియం చూస్తారు, తొలేదో వెళ్తారు. నేనూ చూశాను, వెళ్ళాను. వాటి గురించి రాసేవాళ్ళకు కొరత లేదు. ప్లాసా దె కాస్తియ్యాలో ఆకుపచ్చ బస్సెక్కి, సుమారు యాభై కిలోమీటర్లు వచ్చి ఈ ఊళ్ళో దిగింది మాత్రం ఒక ముసలాయన గొంతు కోసం.

ఆయన పేరు పేపే ఇస్బెర్ట్. 1886లో మాడ్రిడ్‌లోనే పుట్టిన నాటకాల మనిషి. పొట్టిగా ఉంటాడు, ఇసుక వేసి తోమిన గిన్నెలాంటి గొంతు. 1912లో ఒక మూకీ చిత్రంలో ప్రధానమంత్రి కనలేహాస్‌ను చంపిన హంతకుడి వేషం వేశాడు. కానీ జనం మనసులో నిలిచిపోయిన వేషాలన్నీ అరవై దాటాక వచ్చినవే.

స్పానిష్ దర్శకుడు బెర్లాంగా 1953 నాటి సినిమా ‘బియెన్వెనీదో మిస్టర్ మార్షల్’ తీసింది ఈ ఊళ్ళోనే. అమెరికావాళ్ళు సాయం పట్టుకొస్తున్నారని విని ఒక పల్లె మొత్తం దక్షిణ స్పెయిన్‌లోని ఆండలూసియా వాళ్ళ వేషం కడుతుంది. జెండాలతో బారులు తీరిన జనం ముందు నుంచి కార్లు ఆగకుండా దూసుకుపోతాయి. లోలితా సెవియ్యా అనే గాయనిని తెరకు పరిచయం చేయడానికి తలపెట్టిన సినిమా అది. జనం నోట మిగిలింది మాత్రం చెవుడున్న మేయరుగా ఇస్బెర్ట్ మేడమీద నుంచి చేసిన ప్రసంగం. మీకు ఒక వివరణ బాకీ ఉన్నానంటాడు, ఆ బాకీ తీరుస్తానంటాడు, మళ్ళీ మొదటికొస్తాడు. వివరణ మాత్రం రాదు. అల్లు రామలింగయ్య ‘ఆమ్యామ్యా’ ఏ సినిమాలోదో తెలియనివాళ్ళు కూడా దాన్ని వాడటం లేదూ, అలాగే.

ఊరు చూడటం అరగంటలో అయిపోయింది. కాఫీ ఒకటిన్నర యూరో. ముందురోజు మాడ్రిడ్ నడిబొడ్డున ప్లాసా మయోర్ అనే చౌకులో బల్ల ముందు కూర్చున్న పాపానికి అదే కాఫీకి నాలుగు యూరోలు తీసుకున్నారు. మన డబ్బులోకి మార్చి చూసుకుంటే గొంతు దిగలేదు.

స్టాపులోకి ఒక పెద్దావిడ వచ్చింది. సంచీలోంచి ఉల్లికాడల్లాంటివేవో బారెడు బయటికి తొంగిచూస్తున్నాయి. బస్సు వెళ్ళిపోయిన సంగతి నాకున్న నాలుగు స్పానిష్ ముక్కల్లో చెప్పాను. ఆవిడ తన చెయ్యి పైకెత్తి చూపించింది. చెయ్యెత్తకపోతే ఎందుకు ఆపుతారు అన్నట్టు. ఎందుకొచ్చావని అడిగితే ఫోనులో ఇస్బెర్ట్ ఫోటో చూపించాను. అంతే, గొంతు గరగరలాడించి, “చెంచో! చెంచో!” అని వీధంతా వినబడేలా అరిచింది.

అది 1962 నాటి ‘లా గ్రాన్ ఫమీలియా’ సినిమాలోది. పదిహేనుమంది పిల్లల ఇల్లు. ప్లాసా మయోర్ క్రిస్మస్ సంతలో చెంచో అనే బుడతడు తప్పిపోతే, తాత ఇస్బెర్ట్ ఆ జనంలో వాణ్ణి పిలుస్తూ తిరుగుతాడు. అప్పటికి ఆయనకు డెబ్బై ఆరేళ్ళు. మరుసటి ఏడాది ‘ఎల్ వెర్దుగో’లో అదే గొంతుతో తలారి వేషం వేశాడు. తన కొలువును అల్లుడికి అంటగట్టే తలారి. ఆ తాత గొంతుకు కరిగిపోయిన నేను ఈ తలారి మాటలకు నవ్వాను, నవ్వినందుకు కాస్త సిగ్గుపడ్డాను.

కోటప్పకొండ తిరునాళ్ళలో మా తాతయ్య కూడా నా కోసం ఇలాగే అరిచాడు. చుట్టలు కాల్చి పాడైన గొంతు. నేను నిజానికి తప్పిపోలేదు. జీళ్ళ కొట్టు వెనక నిలబడి, జీడి చప్పరిస్తూ ఆ పిలుపు వింటున్నాను. ఎంత సేపు విన్నానో ఆయనకు ఎప్పుడూ చెప్పలేదు.

మలుపులో బస్సు కనిపించగానే ఆవిడకన్నా ముందే రెండు చేతులూ ఎత్తాను. అది మాది కాదు, వేరే ఊరికి పోయేది. అయినా ఆగింది.