దెయ్యమైనా సరే, రూలు రూలే

ఈమధ్య పిల్లల కోసం వస్తున్న దెయ్యాల పుస్తకాలు తిరగేస్తుంటే నాకు దెయ్యాల మీదే జాలేస్తోంది. అన్నీ బుద్ధిమంతులే. పళ్ళు తోముకోమని చెప్పే దెయ్యం, స్నేహితులు లేరని ఏడ్చే దెయ్యం, ఆఖరి పేజీలో అందరితో కలిసి పుట్టినరోజు కేకు తినే దెయ్యం. పిల్లలు రాత్రి ఉలిక్కిపడి లేస్తారని పెద్దవాళ్ళ టెన్షన్ నాకూ తెలుసు, కానీ భయాన్ని మొత్తం తోడేశాక ఆ కథలో ఇక ఏం మిగులుతుంది? పిల్లలకి వణుకు పుట్టించే కథ కావాల్సిందే. కాకపోతే ఆ భయానికి ఒక రూలుండాలి, ఆ రూలు వాళ్ళకి ముందే తెలియాలి.

తలుపుల మీద "ఓ స్త్రీ రేపు రా" అని రాసుకున్న రోజులు కొందరికైనా గుర్తుండే ఉంటాయి. కర్ణాటకలోనూ ఇదే పుకారు, అక్కడ "నాళె బా" అని రాశారు. రాత్రిపూట వచ్చి తలుపు తట్టే ఆ దెయ్యం రాసింది చదువుకుని, సరే రేపొద్దాంలే అని వెళ్ళిపోతుందట, మర్నాడొచ్చి మళ్ళీ అదే చదివి మళ్ళీ వెళ్ళిపోతుందట. అంటే దానికి చదువొచ్చు, చెప్పిన మాట వింటుంది, నిన్న కూడా ఇదే చదివానే అన్న సంగతి మాత్రం గుర్తుండదు! పెద్దవాళ్ళు నిజంగానే బెదిరిపోయి రాశారు గానీ, కథగా చూస్తే పిల్లలకి ఇంతకంటే ఏం కావాలి, సుద్దముక్క చేతిలో ఉంటే చాలు, గెలిచినట్టే. బాలనాగమ్మ కథలో మాయల ఫకీరు ప్రాణం చిలకలో ఉండటమూ ఇదే లెక్క. వాడెంత క్రూరుడైనా కానీ, ఆ చిలక బాలనాగమ్మ కొడుకు బాలవర్ధిరాజు చేతికి చిక్కిందంటే వాడి పని అయిపోయినట్టే.

ఈ పద్ధతిలో అన్నిటికంటే గొప్పవి మాత్రం బేతాళ కథలే. 11వ శతాబ్దంలో సోమదేవుడు కథాసరిత్సాగరంలో చెప్పినవి, చుట్టుకథతో కలిపి 25. రాజు చెట్టు మీంచి శవాన్ని దించి మోసుకుపోవాలి, దారిలో నోరు విప్పకూడదు, విప్పాడా శవం మళ్ళీ చెట్టెక్కుతుంది. అదే సమయంలో, శవంలో ఉన్న బేతాళుడు కథ చెప్పి అడిగినదానికి జవాబు తెలిసి కూడా చెప్పకపోతే తల పగిలిపోతుంది. ఇరికించడమంటే ఇది.

మా అక్క కొడుక్కి తొమ్మిదేళ్ళు. వాడికి ఇది చదివి వినిపిస్తే శవం గురించి ఒక్క ముక్క అడగలేదు. "పిన్నీ, కావాలనే తప్పు జవాబు చెప్తే?" అన్నాడు. నాకేం చెప్పాలో తోచలేదు. కాసేపు ఆలోచించి వాడే, "అసలు రాజుకి తెలీకపోతే మాట్లాడక్కర్లేదు, తలా పగలదు. అయితే తెలీని ప్రశ్న అడిగిన రోజు కథ అయిపోద్దన్నమాట" అని తేల్చేశాడు. చూస్తే ఇంతే ఉంటాడు, సోమదేవుడు ఆఖరికి దాచుకున్న కిటుకు పట్టేశాడు. చివరి కథ సరిగ్గా అలాగే ముగుస్తుంది. ఒక తండ్రీ కొడుకూ అడవిలో ఇద్దరు ఆడవాళ్ళ అడుగుజాడలు చూస్తారు. పెద్ద అడుగులామెను తండ్రి, చిన్న అడుగులామెను కొడుకు చేసుకోవాలని ముందే మాట అనేసుకుంటారు. తీరా చూస్తే వాళ్ళు తల్లీ కూతుళ్ళు, పెద్ద అడుగులు కూతురివి, చిన్నవి తల్లివి. మాట ప్రకారం పెళ్ళిళ్ళయ్యాయి, పిల్లలు పుట్టారు, ఇప్పుడు ఆ పిల్లలు ఒకరికొకరు ఏమవుతారు? రాజుకి అంతు చిక్కక మౌనంగా నడుస్తూ పోతాడు. బేతాళుడు మెచ్చుకుని, నిన్నీ పనికి పంపిన సన్యాసే నిన్ను బలివ్వబోతున్నాడు, జాగ్రత్త అని గుట్టు విప్పేస్తాడు. మేమిద్దరం కాగితం మీద గీతలు గీసి వరస తేల్చబోయాం, నాలుగు గీతలకే నా బుర్ర వేడెక్కింది, వాడింకా వదల్లేదు.

చందమామ పత్రిక మాత్రం ఆ ముగింపు జోలికి పోతే శీర్షిక మూసుకోవాల్సొస్తుంది కాబట్టి, పాత కథలు అయిపోయాక కొత్తవి అల్లుకుంటూ పోయింది, చివర బ్రాకెట్లో కల్పితం అని వేసి. శంకర్ గారు గీసిన ఆ బొమ్మ, కత్తి పట్టుకుని శవాన్ని భుజాన వేసుకుని నడిచే రాజు, కథ చదవనివాళ్ళకి కూడా కళ్ళ ముందుంటుంది (ఆయన 2020లో పోయారు). 1947 జులైలో మొదలైన ఆ పత్రికను 1980లో కన్నుమూసేదాకా దశాబ్దాల పాటు నడిపింది కొడవటిగంటి కుటుంబరావు. పక్కా హేతువాది. దెయ్యాలూ రాక్షసులూ నెలనెలా ఆయన చేతుల మీదుగానే అచ్చుకెళ్ళాయి. అదెలా కుదిరింది అని చాలామంది ఆశ్చర్యపోతుంటారు, నాకైతే ఆశ్చర్యమేం లేదు. బేతాళుడు అడిగేదేమిటి? ఎవరిది తప్పు, ఎవరిది పెద్ద త్యాగం, ఎందుకు. అర్ధరాత్రి శ్మశానం దారిలో లాజిక్ క్లాసు అది.

చందమామ సీరియళ్ళ సంగతి వేరు. 1954లో మొదలైన తోకచుక్క నుంచి కంచుకోట, రాకాసిలోయ, పాతాళదుర్గం, మాయాసరోవరం దాకా అన్నీ ఒకే మనిషి రాశాడని చాలామందికి ఎంతో ఆలస్యంగా తెలిసింది, ఎందుకంటే పత్రికలో రచయిత పేరు వేసేవారు కాదు. ఆయన దాసరి సుబ్రహ్మణ్యం, 2010లో పోయారు. తోకచుక్కలో మాంత్రికుల పేర్లు చూడండి: ఏకాక్షి, చతుర్నేత్రుడు. ఒకడికి ఒక కన్ను, ఇంకొకడికి నాలుగు, ఇద్దరికీ బద్ధవైరం, వాళ్ళ మధ్య పడి నలిగేది మామూలు మనుషులు. అలాంటివాళ్ళు ఇద్దరుండటంలోనే ఉంది కిటుకు, ఒకడి బలం ఇంకొకడి దగ్గర చెల్లదు, ఆ సందులోంచి మనవాడు బయటపడతాడు. వాటికి చిత్ర గారి బొమ్మలు లేకుండా చదవడం నాకు సగం భోజనమే. ఒక ఫిర్యాదు మాత్రం ఉంది: ఆ అడవుల్లో తిరిగేది, పోరాడేది దాదాపు అంతా మగవాళ్ళే, రాజకుమార్తెల వంతుకొచ్చేది ఎక్కువగా ఎత్తుకుపోబడటమే. ఇప్పుడు ఎవరైనా అలాంటిది రాస్తే ఇదొక్కటి మార్చమంటాను, మాంత్రికుల కోరలు మాత్రం పీకొద్దు.

మావాడు సొంతంగా ఒకటి మొదలుపెట్టాడు, వాళ్ళ అపార్ట్‌మెంట్ లిఫ్టులో దెయ్యం. మొదటి పేజీలోనే రూలు రాసేశాడు: నాలుగో నంబరు నొక్కితేనే వస్తుంది, మూడో అంతస్తు దాటేలోపు వెనక్కి తిరిగి చూడకపోతే ఏమీ చెయ్యదు. లిఫ్టులో అద్దం ఉంది కదరా, తిరక్కుండానే కనపడుతుంది కదా అన్నాను. వాడి మొహం పాలిపోయింది, వెంటనే రాసిందంతా కొట్టేసి మళ్ళీ మొదలెట్టాడు. వాళ్ళుండేది నాలుగో అంతస్తే. ఆ రోజు నుంచి వాడు మెట్లెక్కే వెళ్తున్నాడని మా అక్క నామీద గుర్రుగా ఉంది, వాణ్ణడిగితే ఎక్సర్‌సైజ్ అంటున్నాడు.