లేని గుమ్మటం కింద

రోమ్‌లోని సాంత్ ఇన్యాత్సియో చర్చిలో జనమంతా ఒక అద్దం ముందు బారులు తీరి ఉంటారు. పైకప్పు చిత్రం అందులో పడుతుంది కాబట్టి ఫొటో బాగా వస్తుంది. మీరు వెళ్తే మాత్రం ఆ వరుస వదిలి నేలను చూడండి. పాలరాతి నేలలో గుండ్రని బిళ్లలు పొదిగి ఉంటాయి. బలిపీఠం వైపున్న బిళ్ల మీద నిలబడి తలెత్తాను. పైన నిలువెత్తు స్తంభాలు, వాటి మీద వంపు తిరిగిన కప్పు, కిటికీల వెలుతురు. కాస్త మసకగా ఉన్నా నిండైన గుమ్మటం!

నిజానికి అక్కడ గుమ్మటమే లేదు. ఉన్నది చదునుగా బిగించిన కాన్వాసు. కట్టడానికి డబ్బు చాలలేదని చెబుతారు. ఆండ్రియా పోజో అనే చిత్రకారుడు, జెసూట్ అనే క్రైస్తవ మత సంఘంలో సభ్యుడు, 1685లో రంగులతోనే ఆ లోటు తీర్చాడు.

బిళ్ల దిగి బలిపీఠం వైపు నడిచాను. స్తంభాలు ఒరిగాయి, గుమ్మటం పక్కకు వాలింది, మీద పడుతుందేమోనని అడుగు ఆగిపోయింది. పోజో గీతలన్నీ ఆ ఒక్క చోటు నుంచి చూసే కంటి కోసం లెక్కకట్టినవి. అక్కడి నుంచి కదిలితే లెక్క తప్పుతుంది. అయినా మనసు దాన్ని బొమ్మగా ఒప్పుకోదు, కట్టడమే కూలుతోందని నమ్ముతుంది! నన్ను కదిలించింది ఆ మొండితనమే.

అక్కడి నుంచి పలాజ్జో స్పాదా అనే పాత రాజభవనానికి నడిచే వెళ్లవచ్చు. 1653 నాటికి వాస్తుశిల్పి బొర్రొమీని అక్కడ కట్టిన స్తంభాల నడవ 9 మీటర్లకు మించదు, చూపుకు మాత్రం 30 మీటర్ల పైనే. లోపలికి పోయేకొద్దీ స్తంభాలు పొట్టివవుతాయి, నేల పైకి లేస్తుంది, గోడలు దగ్గరవుతాయి. దూరాన రైలు పట్టాలు కలిసినట్టు కనిపించడం మన కంటికి అలవాటే కదా, ఆ అలవాటునే ఆయన రాతిలో కట్టాడు. సందర్శకులను లోపలికి పోనివ్వరు. అక్కడి ఉద్యోగిని నడిచి వెళ్తుంటే, దూరమయ్యేకొద్దీ ఆమె పెరుగుతున్నట్టు కనిపించింది. చివరనున్న విగ్రహం మనిషంత ఉందనుకున్నాను, ఆమె పక్కన నిలబడగానే అది నడుము దాకా కూడా రాలేదు.

రెండింటిలో నా ఓటు పోజోకే. స్పాదాలో భ్రమ తొలగాలంటే మరో మనిషి నడవాలి. చర్చిలో మన అడుగులే చాలు, పైగా ఎక్కడ నిలబడితే నమ్ముతామో నేల మీదే గుర్తు పెట్టి చూపించారు.