'హిస్టీరియా'కి అసలైన ఫ్లాక్ దొరికేదాకా

డెఫ్ లెపర్డ్ బ్యాండ్ 'హిస్టీరియా' ఆల్బమ్‌ని నేను మొదట విన్నది మా పెద్దన్నయ్య కాసెట్‌లో. ఆ తర్వాత చాలా ఏళ్లు ఎంపీత్రీలే దిక్కు. మంచి హెడ్‌ఫోన్స్ కొన్నాకే తెలిసింది, ఎంపీత్రీలో కోరస్ వచ్చేసరికి గొంతులన్నీ కలిసి ముద్దయిపోతున్నాయని. ఈ ఆల్బమ్‌కి ప్రాణమే ఆ గొంతులు. నిర్మాత మట్ లాంజ్ వాటిని పదే పదే పాడించి, పొరల మీద పొరలుగా పేర్చాడు. డ్రమ్మర్ రిక్ ఆలెన్ 1984 డిసెంబర్ 31న కారు ప్రమాదంలో ఎడమ చెయ్యి పోగొట్టుకున్నాడు. అయినా కాళ్లతో వాయించడం సాధన చేసి తిరిగొచ్చాడు. 1987 ఆగస్టులో ఆల్బమ్ వచ్చింది. ఇంత కష్టంతో చేసినదాన్ని అరకొరగా వినడానికి నాకు మనసొప్పలేదు.

ముందు ఒక వెబ్‌సైట్‌లో డబ్బు కట్టి ఫ్లాక్ ఫైళ్లు తీసుకున్నాను. ఎంపీత్రీ సైజు తగ్గించడానికి కొంత సౌండ్‌ని తీసేస్తుంది, ఫ్లాక్ ఏదీ పోనివ్వకుండా దాస్తుంది. విన్నాక అనుమానం వచ్చి, పాటలో ఏ ఎత్తు దాకా సౌండ్ ఉందో బొమ్మగా చూపించే స్పెక్ అనే ఉచిత సాఫ్ట్‌వేర్‌లో తెరిచాను. 16 కిలోహెర్ట్జ్ దగ్గర కత్తిరించినట్టు, ఆ పైనంతా నలుపే. సీడీలో దాదాపు 22 కిలోహెర్ట్జ్ దాకా చోటుంటుంది. ఎంపీత్రీనే ఫ్లాక్‌గా మార్చి అమ్మారన్నమాట! చాలా బాధేసింది. ఒకసారి పోయిన సౌండ్ ఫైలు పేరు మార్చినంత మాత్రాన తిరిగి రాదు.

ఎల్పీ, అంటే పాతకాలపు గ్రామఫోన్ ప్లేటు, సంగతీ ఆలోచించాను. కానీ 62 నిమిషాల పాటల్ని ఒకే ప్లేటు రెండు వైపులా ఇరికించారు. అంతసేపు పట్టాలంటే సౌండ్ తగ్గించి ప్లేటు మీద గాడి కోయక తప్పదు. ఇక స్ట్రీమింగ్‌లోకి ఈ ఆల్బమ్ 2018 జనవరిలో గానీ రాలేదు. అక్కడున్న రీమాస్టర్, అంటే సౌండ్‌ని మళ్లీ సరిచేసిన కాపీ, లాస్‌లెస్సే (సౌండ్ ఏమీ పోనిదే), కాదనను. నా చెవికి మాత్రం అంతా ఒకే ఎత్తులో మోగుతుంది, డ్రమ్ దెబ్బ విడిగా ఎగిసిపడదు.

అందుకే పాత సీడీయే వెతికాను. సెకండ్ హ్యాండ్‌లో ఒకటి దొరికింది. ఎగ్జాక్ట్ ఆడియో కాపీ అనే సాఫ్ట్‌వేర్‌తో రిప్ చేశాను, అంటే సీడీలోని పాటల్ని కంప్యూటర్‌లోకి ఫ్లాక్ ఫైళ్లుగా తీసుకున్నాను. ఇదే డిస్క్‌ని ఇంతకుముందు రిప్ చేసినవాళ్ల లెక్కలతో మన లెక్కని పోల్చి చూపించే సదుపాయం అందులో ఉంది, దాన్ని అక్యురేట్‌రిప్ అంటారు. 12 పాటల్లో 11 సరిపోయాయి. ఏడోది, 'గాడ్స్ ఆఫ్ వార్', మొరాయించింది. ఎంత టెన్షన్ పడ్డానో! మెత్తటి గుడ్డ తడిపి, మధ్య నుంచి అంచు వైపు నిలువుగా తుడిచి, ఆరబెట్టి మళ్లీ పెట్టాను. రెండోసారికి లెక్క కలిసింది.

ఆ రాత్రి ముందుగా పెట్టుకున్నది ఆ పాటే. చివర్లో పేలుళ్ల మధ్య అప్పటి అమెరికా అధ్యక్షుడు రీగన్, బ్రిటన్ ప్రధాని థాచర్ మాటలు వస్తాయి. అన్నయ్య కాసెట్‌లో అది నాకు ఉత్త గోలలా వినిపించేది.