మూగ పంచమం

డిసెంబరు కలయిక కమిటీ వాళ్ళు రెండు పేజీలు రాయమన్నారు. మన 1979 బ్యాచ్ తరఫున హాస్టల్ గురించి రాజమండ్రి రాస్తున్నాడట, ఆటల గురించి బుడ్డోడు రాస్తున్నాడట. ఉప్మా రోజు సంగతి వాళ్ళిద్దరిలో ఎవరో ఒకరు రాయకుండా ఉండరు. ఇక నా వంతుకు మిగిలింది ప్రార్థన హాల్లో ఎడమ పక్క కిటికీ కింద ఉండే పియానో. నాకది చాలు. బడి అనగానే నాకు ముందు గుర్తొచ్చేది అదే, ఆ తర్వాతే మీరంతా.

మన పియానో మాస్టారి దగ్గర, అదే ఆరూనాలుగు మాస్టారి దగ్గర, ఏడో తరగతిలో చేరాను. మొదటి రెండేళ్ళు ఏం నేర్చుకున్నానో ఒక్క ముక్క గుర్తు లేదు. గుర్తున్నదంతా 1977 నవంబరు 19 తర్వాతిదే. ఆ ఉప్పెనకి దివి తాలూకా పిల్లల్లో ఎవరు తిరిగొచ్చారో, ఎవరు రాలేదో మీకు తెలుసు. వాళ్ళ గురించి ఇక్కడ రాయడం నా వల్ల కాదు. హాలు పెంకులు లేచిపోయి పియానో తడిసి ముద్దయింది. కరెంటు తిరిగొచ్చాక మాస్టారు కింది పలక విప్పి, లోపల 25 వాట్ల బల్బు వేలాడదీసి నెల రోజులు ఆరబెట్టారు. ఒక్కటి తప్ప మెట్లన్నీ మళ్ళీ పలికాయి. ఆ ఒక్కటీ సరిగ్గా నడిమధ్యన ఉండే జీ, మన పంచమం. సుత్తి కాడ విరిగింది. కొత్తది మద్రాసు నుంచి రావాలన్నారు. మనం బడి వదిలేదాకా రాలేదు.

ఆ మూగ మెట్టుతోనే మాస్టారు నాకు హార్మనీ, అంటే స్వరాల్ని కలిపి మోగించడం, నేర్పారు. స-గ-ప మూడూ ఒకేసారి నొక్కి కార్డు వేస్తే ప పలకదు. "పలక్కపోతే ఏమమ్మా, అయిదో స్వరం లేకపోయినా కార్డు నిలబడుతుంది, ఇంకో స వెయ్యి" అన్నారు. ఈ (E) మైనర్‌కి వచ్చేసరికి అదే మెట్టు మూడో స్వరం అవుతుంది. అది లేకపోతే కార్డు బోలుగా మోగుతుంది, మేజర్ రకమో మైనర్ రకమో చెవికి తెలియదు. "మూడోదాన్ని మాత్రం వదలకూడదు, ఇంకో స్థాయిలో వెతుక్కో." జీ కార్డుకి అదే మూలస్వరం, ఎడమ చేతికి అప్పగించాలి. ఏ (A) సెవెన్త్‌లో అదే ఏడో స్వరం, తర్వాత వచ్చే కార్డులో ఒక మెట్టు కిందికి దిగాలి. పలకనిది దిగడమెలా? అందుకని ముందు కార్డు దగ్గర్నుంచే చేతులు సర్దుకుంటూ రావాలి. ఒక్క స్వరం నాలుగు చోట్ల నాలుగు పనులు చేస్తుందని పుస్తకంలో చదివితే నాకు అర్థమయ్యేది కాదేమో. వేలు అక్కడికి వెళ్ళి ఉత్త చెక్క చప్పుడు వినపడగానే అర్థమయ్యేది.

తర్వాత సరళి వరసలు. శంకరాభరణం రాగంలో అయితే స-గ-ప, మ-ద-స, ప-ని-రి, ఈ మూడు కార్డుల్లో ఏడు స్వరాలూ వచ్చేస్తాయి. మనం పాడుకునే వరసలు మాయామాళవగౌళ రాగంలోవి. అందులో రిషభం శుద్ధం, అంటే స పక్కనే ఉండే కింది రిషభం, కాబట్టి ప-ని-రి కుదరదు, వంకరగా మోగుతుంది. వారం రోజులు కుస్తీ పట్టాను. చివరికి మాస్టారు నా చేతి పక్కన చెయ్యి పెట్టి రి-మ-ద వేశారు. నిండు మేజర్ కార్డు! అక్కడి నుంచి స-గ-ప మీదకి దిగితే ఒళ్ళు జలదరించింది. దాన్ని పాశ్చాత్యులు నేపుల్స్ పేరుతో నియాపోలిటన్ అంటారని పెద్దయ్యాక తెలిసింది. ఆ నేపుల్స్‌లోనే అనాథ పిల్లల ఆశ్రమాలు సంగీత పాఠశాలలయ్యాయనీ, అక్కడ పిల్లల ముందు ఎడమ చేతి వరస ఒక్కటే పెట్టి మిగతాదంతా అప్పటికప్పుడు అల్లమనేవారనీ చదివాను. ఆ వరసల్ని పార్తిమెంతో అంటారు. చదివిన రాత్రి మన హాస్టల్ గుర్తొచ్చి చాలాసేపు నిద్ర పట్టలేదు.

అల్లడం నేను నేర్చుకున్నది ఉదయం ప్రార్థనకి. గంట కొట్టాక ఒకటో తరగతి పిల్లలు వచ్చి కూర్చునేదాకా ఏదో ఒకటి వాయిస్తూ ఉండాలి. ఒకరోజు రెండు నిమిషాలు, ఒకరోజు ఆరు. హెడ్‌మాస్టారు లేచి నిలబడగానే ఆపాలి, కానీ తెగ్గొట్టినట్టు ఉండకూడదు. "ఎక్కడ తిరుగుతున్నా నాలుగు అడుగుల్లో ఇల్లు చేరాలి" అనేవారు మాస్టారు. ఆ నాలుగు అడుగుల్లో రెండోది ఏమిటో ఆయన పేరే చెబుతుంది, అదే సిక్స్-ఫోర్ అనే కార్డు.

ఇక 1978 క్రిస్మస్. పాట నాలుగు శ్రుతిలో, అంటే ఎఫ్‌లో, సాధన చేశాం. తెర లేచింది, కలెక్టరు గారు ముందు వరసలో ఉన్నారు, పొడుగు జడ పాటని నాలుగున్నరలో, అంటే ఒక మెట్టు పైన, ఎత్తుకుంది. నలభై మంది అందుకున్నారు. ఆపే వీల్లేదు. నాలుగున్నర అంటే ఎఫ్ షార్ప్, ఏడు స్వరాల్లో తెల్ల మెట్లు రెండే. ప్రతి సోమవారం మాస్టారు చాక్‌పీసు డబ్బాలోంచి చీటీ తీయించేవారు కదా, ఏ శ్రుతి వస్తే ఆ శ్రుతిలో పాఠమంతా అప్పజెప్పాలి. పన్నెండు చీటీలు. ఆ రోజు చేతులు వాటంతటవే నల్ల మెట్ల మీదకి ఎక్కాయి. మొదటి పల్లవిలో ఎడమ చేతి బేస్ ఒక్కటే వేశాను, చరణానికి కార్డులు నింపాను, చివరి పల్లవిలో పాటకి పైన ఇంకో వరస కూడా అల్లాను.

దిగాక మాస్టారు మెచ్చుకోలేదు. కళ్ళజోడు తుడుచుకుంటూ, "నాలుగున్నరలో ఆ మూగ మెట్టు రానే రాదు, గమనించావా?" అన్నారు. గమనించలేదు. పాటంతా ఆ మెట్టు అవసరమే పడలేదు!

బ్యాంకులో 36 ఏళ్ళు చేసి రిటైరయ్యాను. మొదటి పీఎఫ్ లోను పియానోకే పెట్టాను. ఇప్పుడు సికింద్రాబాద్‌లో మా ఇంటికి పదకొండు మంది పిల్లలు వస్తారు. లండన్ ట్రినిటీ కాలేజీ సంగీత పరీక్షలో వినికిడి పరీక్షకి బదులు ఇంప్రొవైజేషన్, అంటే అప్పటికప్పుడు అల్లడం, ఎంచుకోవచ్చు. నా పిల్లలు పదకొండు మందీ అదే ఎంచుకుంటారు. కిందటేడు ఒకమ్మాయి ఎనిమిదో గ్రేడు డిస్టింక్షన్‌లో పాసయింది. పాఠం మొదలుపెట్టే ముందు నేను జీ మెట్టు మీద రబ్బరు ముక్క పెడతాను. ఎందుకాంటీ అని కొత్తవాళ్ళు అడుగుతారు. పాతవాళ్ళు వాళ్ళకి చెబుతారు.

డిసెంబరు కలయికలో ప్రార్థనకి నన్నే వాయించమన్నారు. తప్పకుండా వస్తాను. పాట ఎత్తుకునేది పొడుగు జడేనని విన్నాను. ఏ శ్రుతిలో ఎత్తుకున్నా సరే అని దానికి చెప్పండి.