నువ్వు టామ్ కాదు నాన్నా

"నువ్వు టామ్ అనుకుంటున్నావు గానీ నాన్నా, నువ్వు మార్గోవి."

మా పన్నెండేళ్ళ పిల్ల ఈ మాట ఇంగ్లీషులోనే అంది. ఇంట్లో తెలుగే మాట్లాడాలని రూలు పెట్టింది నేను. కోపమొచ్చినప్పుడల్లా ఆ రూలు తప్పేదీ నేనే. అందుకని భాష సంగతి వదిలేసి మాట సంగతి పట్టుకున్నాను. నాలుగు రోజులైంది, ఇంకా వదల్లేదు.

అసలు తప్పు నాదే. ఛారిటీ షాపులో రెండు పౌండ్లకు 'ది గుడ్ లైఫ్' డీవీడీలు కనిపిస్తే తెచ్చాను. 1975 నుంచి 1978 దాకా బీబీసీలో వచ్చిన కామెడీ. లండన్ పక్కన సర్బిటన్‌లో ఆనుకుని రెండిళ్ళు. ఒకింట్లో టామ్, బార్బరా. పొద్దున్నే పాలల్లో వేసుకు తినే సిరియల్ ప్యాకెట్లలో వేసే ప్లాస్టిక్ బొమ్మలకు డిజైన్లు గీసే టామ్‌కి నలభై నిండేసరికి విరక్తి పుడుతుంది. ఉద్యోగం మానేసి, పెరడంతా దున్నేసి, కోళ్ళు, పందులు, ఒక మేకతో సంసారం మొదలెడతాడు. పక్కింట్లో జెర్రీ, మార్గో. మార్గోకి పరువే ప్రాణం. గోడ అవతల పందుల్ని పెట్టుకుని పరువుగా బతకడం ఎంత కష్టమో చూడండి.

నాకూ నలభై దాటాయి. మూడేళ్ళుగా గ్లాస్‌హౌస్‌లో గోంగూర పెంచుతున్నాను. పోయిన ఎండాకాలం మొత్తమ్మీద ఒక్క పచ్చడికి వచ్చింది, అదీ చిన్న గిన్నెడు. మునగ మొక్క అక్టోబరు చూడకుండానే పోయింది. అయినా సరే, మన వీధికి టామ్‌ని నేనే అని పిల్లకు చెప్పుకున్నాను. ఇరుగుపొరుగు అంటే ఏమిటో ఈ దేశంలో పుట్టిన పిల్లకు ఇలాగైనా తెలుస్తుందని నా ఆశ. ఇంగ్లీషువాళ్ళ నాటకం చూపించి మన ఇరుగుపొరుగు గురించి చెప్పబోవడంలో ఉన్న తమాషా నాకప్పుడు తట్టలేదు.

బార్బరా వేషం వేసిన ఫెలిసిటీ కెండల్ ఇండియాలో పెరిగిందని గొప్పగా చెప్పాను. వాళ్ళ నాన్న షేక్స్‌పియర్ నాటకాల ట్రూపుతో ఊరూరా తిరిగేవాడని, వాళ్ళక్క శశి కపూర్‌ని పెళ్ళి చేసుకుందని కూడా. పిల్ల కాసేపు ఆలోచించింది. "అంటే ఇండియాలో ఉండి ఇంట్లో ఇంగ్లీషే మాట్లాడారా? అచ్చం నీలాగే!" వంటింట్లోంచి మా ఆవిడ నవ్వు వినిపించింది.

ఇక గిన్నె సంగతి. నవంబరులో పక్కింటి పెద్దావిడ ఆపిల్ క్రంబుల్ చేసి, మూతున్న గాజు గిన్నెలో పెట్టి ఇచ్చింది. తినేశాం. గిన్నె కడిగి అరలో పెట్టాను. మనలో గిన్నె ఖాళీగా తిరిగివ్వరు, కనీసం కాస్త పంచదారైనా వేసి ఇస్తారు అని పిల్లకు పాఠం చెప్పాను. నిడదవోలులో మా అమ్మ స్టీలు గిన్నెల మీద పేర్లు చెక్కించేది. అయినా సగం గిన్నెలు ఎప్పుడూ పక్కిళ్ళలోనే ఉండేవి, పక్కిళ్ళవి మా ఇంట్లో.

ఇప్పుడు ఫిబ్రవరి. గిన్నె అరలోనే ఉంది. మొదటి వారం గారెలు వేస్తే గట్టిపడ్డాయి. పులిహోర చేసిన రోజు ఇంగువ వాసనకు ఆవిడేమనుకుంటుందోనని ఆగాను. సంక్రాంతికి అరిసెలు మా ఆవిడకు బ్రహ్మాండంగా కుదిరాయి, కానీ ఆ నూనె చూస్తే పక్కింటి పెద్దావిడ గుండె గతి ఏమిటని నాకో అనుమానం. పోయిన శనివారం సేమ్యా పాయసం చేయించి, "అమ్మడూ, ఇది పక్కింట్లో ఇచ్చి రామ్మా" అన్నాను. వెళ్ళనంది.

"ఆవిడ నీకిచ్చింది. నువ్వే వెళ్ళు. మూణ్ణెల్ల తర్వాత వెళ్ళి నేనేం చెప్పాలి?"

మాటకు మాట పెరిగింది. అప్పుడొచ్చింది ఆ మార్గో మాట. కారణం కూడా చెప్పింది. 1977 క్రిస్మస్ ఎపిసోడులో మార్గో ఆర్డరిచ్చిన చెట్టు అరడుగు తక్కువైందని తిప్పి పంపేస్తుంది. దాంతో పండగ సామానంతా పోతుంది. చివరికి పక్కింట్లో, న్యూస్‌పేపరుతో చేసిన టోపీ పెట్టుకుని పండగ చేసుకోవాల్సొస్తుంది. ఆ టోపీ ఏ పేపరుదో అన్నదానిమీద కూడా ఆవిడకు పట్టింపే. "నీ గారెలు కూడా ఆ చెట్టే నాన్నా. ఆవిడకు నచ్చవని నువ్వే డిసైడ్ చేశావు. ఎప్పుడైనా అడిగావా?"

అడగలేదు. పదకొండేళ్ళుగా పక్కపక్కనే ఉన్నాం. ఆవిడ టీలో పాలు పోసుకుంటుందో లేదో కూడా నాకు తెలియదు. చేపల పులుసు వండిన రోజు కిటికీలన్నీ మూయించేది నేను. ఈ దేశంలో ఎవరూ ఎవరింటికీ వెళ్ళరని ఫోనులో తమ్ముడితో అనేదీ నేనే.

నిడదవోలు గురించి పిల్లకు చెప్పని సంగతి ఒకటుంది. పక్కింటి మునగకొమ్మ మా డాబా మీదికి వచ్చి గొంగళిపురుగులు రాలుతున్నాయని మా అమ్మ దాన్ని కొట్టించేసింది. రెండేళ్ళు ఆ ఇంటి మామ్మగారికీ అమ్మకీ మాటల్లేవు. గిన్నెలు మాత్రం ఆగలేదు, ఎందుకంటే మోసేవాణ్ణి నేను. "మీ అమ్మకి చెప్పకు, ఊరికే ఇచ్చానను" అని ఆవిడ, "నేనిచ్చానని అనకు" అని అమ్మ. ఇద్దరికీ తల ఊపి, దారిలో ఒక అరిసె నేను తినేవాణ్ణి. మా పిల్లను నేనడిగిందీ ఆ పనే. కాకపోతే ఇక్కడ తగువు కూడా లేదు, మొహమాటమే. దాన్ని పిల్ల చేత మోయించబోయాను. మరి నా మొహమాటం నేను మోసుకోవడం నేర్చుకున్నదెప్పుడు? చిన్నప్పుడు మా అమ్మది మోశాను గానీ.

పాయసం మేమే తినేశాం.

ఇవాళ మంగళవారం, చెత్తబండి వచ్చే రోజు. ఆఫీసు నుంచి వచ్చేసరికి రోడ్డు మీదుండాల్సిన మా బిన్ గుమ్మం పక్కన బుద్ధిగా నిలబడి ఉంది. పెద్దావిడ పనే. చలిలో అంత దూరం లాక్కొచ్చింది. మెట్ల మీద కూర్చుని షూ విప్పుతూ మా పిల్ల దాని మూత ఎత్తి చూసింది.

"ఖాళీగానే తెచ్చి ఇచ్చింది నాన్నా," అంది, ఈసారి తెలుగులో.