జాన్ అబ్రహాం దారిలో వయనాడ్ నుంచి కొచ్చికి

మైసూరు నుంచి బస్సులో వయనాడ్ చేరేసరికి వాన పట్టుకుంది. కేరళ అంటే మనవాళ్లకు శబరిమల, కాకపోతే పడవ ఇళ్లు. నేను మాత్రం ఒక సినిమా నడిచిన దారి పట్టాను. అది జాన్ అబ్రహాం తీసిన ‘అమ్మ అరియాన్’ (1986). ఈ జాన్ హిందీ హీరో కాదు. కుట్టనాడులో పుట్టి, ఎల్ఐసీ ఉద్యోగం వదిలేసి, పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో బెంగాలీ దర్శకుడు ఋత్విక్ ఘటక్ దగ్గర చదువుకున్న మలయాళ దర్శకుడు.

సినిమాలో పురుషన్ వయనాడ్ నుంచి ఢిల్లీకి బయలుదేరతాడు. దారిలో ఉరి వేసుకున్న యువకుడి శవం కనిపిస్తుంది. ఎక్కడో చూసిన ముఖం. ఢిల్లీ మానుకుని, కొచ్చిలో ఉన్న ఆ యువకుడి తల్లికి కబురు చెప్పడానికి కదులుతాడు. ఊరూరా స్నేహితులు తోడవుతుంటారు. 1970లో నక్సలైట్ నాయకుడు వర్గీస్‌ను తిరునెల్లి అడవిలో పోలీసులు చంపింది ఈ వయనాడ్‌లోనే. శ్రీకాకుళం కథ ఎరిగినవాళ్లకు పురుషన్ వెంట నడిచే ఆ కుర్రాళ్ల మౌనాన్ని విడమరిచి చెప్పనక్కర్లేదు.

లక్కిడి దాటగానే తామరస్సేరి ఘాట్, తొమ్మిది హెయిర్‌పిన్ మలుపులు. ఒక మలుపులో లారీ ఎదురైంది. మా డ్రైవరు బస్సును అంగుళం అంగుళం వెనక్కి తీశాడు. కిటికీలోంచి చూస్తే కింద రోడ్డు లేదు, మబ్బు ఉంది. నేను ముందు సీటు కడ్డీని పట్టుకుని కూర్చుంటే, పక్కనున్న పెద్దావిడ హాయిగా కునుకు తీసింది.

కోళికోడ్‌లో 1984లో జాన్, మిత్రులు ‘ఒడెస్సా’ అనే బృందం పెట్టారు. నిర్మాత వద్దు, జనం డబ్బుతోనే సినిమా తీయాలన్నది వాళ్ల పట్టుదల. వీధి నాటకాలు వేసి, చాప్లిన్ ‘ది కిడ్’ చూపించి చందాలు పోగు చేశారు. తీరా తీశాక టికెట్టు పెట్టకుండా ఊళ్లు తిప్పి చూపించారు. పురుషన్ దారిపొడవునా మనుషులను కూడగట్టుకున్నట్టే జాన్ డబ్బు కూడగట్టాడు. 1987 మే 31న ఈ ఊళ్లోనే మేడ మీది నుంచి పడి చనిపోయాడు. అప్పటికి 49 ఏళ్లు, నాలుగే సినిమాలు. అతని తాగుడు గురించి కథలకు కొదవలేదు. నాకైతే ఆ చందాల కథే నచ్చుతుంది.

కోళికోడ్ పక్కనే ఉన్న బేపూర్ రేవులో ఖలాసీలు, అంటే ఓడ పనివాళ్లు, ఉరు అనే పెద్ద చెక్క ఓడను కడుతున్నారు. ఒకతను పలకల సందుల్లో దూది పురిని ఉలితో కూరుతున్నాడు. చేతిలో నక్షా కాగితమన్నది లేదు.

కొచ్చి చేరాక మట్టాంచేరి వీధుల్లో తిరిగాను. ఒకప్పుడు ఇక్కడి రేవులో ‘చాప్ప’ అనే లోహపు బిళ్లలను కూలీల గుంపు మీదికి విసిరేవారు. దొరికినవాడికే ఆ రోజు పని. దాన్ని ఎదిరించిన కార్మికుల మీద 1953లో పోలీసులు కాల్పులు జరిపారు.

ఆ రాత్రి గదిలో ఫోనులో సినిమా మళ్లీ చూశాను. సగం దాటాక నడక సాగుతూనే ఉంటుంది. చివరి అరగంటలో పది నిమిషాలు కోయవచ్చని ఇప్పటికీ అనిపిస్తుంది. కోయమని పట్టుబట్టడానికి ఆ సినిమాకు నిర్మాత ఏడీ!